నల్లా రాని రోజు బిందె

సకల జనుల సమ్మె రోజులు. కోరుట్లలో కరెంటు లేదు. అయినా ఆ సాయంత్రం దీక్షా శిబిరంలో అందరికీ షాక్ కొట్టింది!

కొట్టించింది ప్రేమ్‌సాగర్. రిలే దీక్షలో ఉండి రీలు తీసిన ఘనుడు. పొద్దున్నే స్టాండు మీద కెమెరా పెట్టి, ఆన్ చేసి, మెడలో దండతో టెంటులోనే దాని పక్కన కూర్చున్నాడు. కథ లేదు, హీరో లేడు, కత్తెర లేదు. సమ్మెలో ఊరు ఎట్లా ఉందో అట్లాగే కనిపించాలట. కరెంటు లేక తీసింది తనూ చూసుకోలేదు. ఇప్పుడు చర్చి జనరేటరు తెచ్చి, దుప్పటిని తెరగా కట్టి, అందరితోపాటే చూస్తున్నాడు.

తెర మీద ఆగిన ఆటోలు. క్యారమ్స్ ఆడుతున్న కండక్టర్లు. మధ్యలో వీధి నల్లా. నల్లా దగ్గర బిందెతో దీవెన.

మేక వెళ్లింది. దీవెన వచ్చింది. ఊరేగింపు వెళ్లింది. దీవెన వచ్చింది. వాన పడింది, జనమంతా టెంటులోకి ఉరికారు. దీవెన మాత్రం అక్కడే! జడ నానింది గానీ టెంటు మీంచి చూపు చెదరలేదు.

వంటావార్పులో పప్పు కలుపుతున్న సామేలు గంటెతో సహా వచ్చాడు. దీవెన ఆయన బిడ్డ. ఆదివారం సిరిసిల్ల నుంచి పెళ్లిచూపులకు వస్తున్నారు.

“ఏందిరా! ఊరి సిన్మా అని నా బిడ్డ సిన్మా తీసినవా? ఆమె ఎన్కనే తిరిగినవా?”

“నేనేడ తిరిగిన మామా?”

“ఎవడ్రా నీకు మామ!”

“పొద్దంత నీ ఎదురుంగనే దీక్షల కూసున్న గదా! కెమెరా కదిలిందేమో సూడుండ్రి.”

అందరూ తెరకేసి చూశారు. నిజమే, కెమెరా కదల్లేదు. మళ్లీ మళ్లీ వచ్చింది దీవెనే!

ఆమె తల్లి భూమవ్వ ముక్కు మీద వేలేసుకుంది. “ఓయమ్మ! పొద్దటి సంది నల్లానే రాలే. గీ పోరి బిందె దేనికి తెచ్చిందో!”

గంటె నుంచి పప్పు కారుతోంది. “గిదేంది బిడ్డా?” అన్నాడు సామేలు, నోరు తెరిచి.

దీవెన ముఖం ఎర్రబడింది గానీ గొంతు తగ్గలేదు. “నన్నే అడుగుతరేంది? బస్టాండ్ ఉండె, చౌరస్తా ఉండె. ఊరంత ఇడిసిపెట్టి గీయన కెమెరా నల్లా దిక్కే ఎందుకు వెట్టిండో అడుగుండ్రి!”

ఈసారి షాక్ ప్రేమ్‌సాగర్‌కి కొట్టింది. ఆ సంగతి తనకే అప్పుడు తెలిసినట్టుంది.

“అంటే... నువ్వు రోజు గాడికే నీళ్లకొస్తవని...”

టెంటు గొల్లుమంది. నినాదాల గొంతులన్నీ ఈలలేశాయి.

సామేలు ఇద్దరినీ చూశాడు. విస్తరిలో అన్నం పెట్టి, పప్పు పోసి ప్రేమ్‌సాగర్ చేతికిచ్చాడు. “తిను. నీ దీక్ష అయిపాయె.”

తర్వాత భార్య వైపు తిరిగాడు.

“సిరిసిల్లోళ్లకు ఫోన్ గొట్టే. బస్సులు బంద్, రావద్దని చెప్పు.”

“సమ్మె అయినంక వస్తమంటే?”

“గీ సమ్మె అయిపోయేది కాదని చెప్పు!”