విర్హీలియో కలల కొట్టు

పొద్దుగూకాక ఆ కొట్టు ముందు నుంచి నడవడానికి మా పిలార్ ఊళ్లో చిన్నపిల్లలు కూడా జంకరు. భయమంతా మిట్టమధ్యాహ్నమే. ఊరంతా తలుపులు మూసుకుని కునుకు తీసే వేళ, కుక్క కూడా తోక కదపని వేళ... మూతబడ్డ ఆ కొట్టులోంచి మగగొంతు కేక ఒకటి వస్తుంది. ఒక్కటే కేక. ఆ తర్వాత ఏమీ ఉండదు.

కొట్టుకి ఎదురిల్లే మాది. నేను విన్నన్నిసార్లు ఇంకెవరూ విని ఉండరు.

విర్హీలియో మొదట్లో రేడియోలు బాగుచేసేవాడు. తర్వాత బుర్రలో ఏ పురుగు తొలిచిందో, కలల్ని పట్టే మిషన్ ఒకటి చేశాడు. నుదుటికి రాగి పట్టీ కట్టుకుని కుర్చీలో నిద్రపోతే, వచ్చిన కల సన్నటి తీగ మీదకి ఎక్కి చుట్టగా చుట్టుకునేది. ఆ చుట్టని మళ్లీ పెట్టి ఇంకొకరు నిద్రపోతే, అదే కల వాళ్లకీ వచ్చేది. దానికి కరెంటు అక్కర్లేదు. నిద్రపోయే తలలోంచే కావలసింది లాక్కునేది. రాత్రి మొద్దునిద్ర దానికి పనికిరాదు; పగలు దగ్గర్లో ఎవరు కునికినా సరే, దాని బల్బులు పచ్చగా వెలిగేవి.

ఎవారిస్తో పడవ నడిపేవాడు. అతని పెళ్లాం ఎదెల్మీరా జున్ను కలిపిన కర్రపెండలం రొట్టెలు, చిపాలు, కాల్చి అమ్మేది. పెళ్లైన రెండో ఏడు మాటా మాటా పెరిగి, ఆమె అలిగి ఏటి అవతల పుట్టింటికి వెళ్లిపోయింది. తొమ్మిది రోజులు చూశాడు పాపం. పదో రోజు విర్హీలియో దగ్గరికి వచ్చి, "ఒక మంచి కల పట్టవయ్యా, మా ఆవిడని పిలిపించి చూపిస్తా. అప్పుడైనా కోపం తగ్గుతుందేమో" అన్నాడు.

కుర్చీలో పడుకున్నాడు. కాసేపటికి... కేక!

పట్టీ పీకి పారేసి, "చెయ్యి కాలింది, చెయ్యి కాలింది" అంటూ వీధిలోకి ఉరికాడు. నేను మా గుమ్మంలోంచి చూస్తూనే ఉన్నాను. వీధి చివర ఏరు వరద మీద ఉంది. తాడు విప్పి పడవెక్కాడు—అంతే. మనిషీ దొరకలేదు, పడవా దొరకలేదు.

విర్హీలియో ఆ చుట్టని మిషన్ మీద నుంచి తియ్యనైనా తియ్యలేదు. తాళంచెవి నా చేతిలో పెట్టి ఊరొదిలి పోయాడు.

శవం దొరక్కపోతే లోకం ఊరుకుంటుందా? ఎవతితోనో లేచిపోయాడన్నారు. సంతలో ఆడవాళ్లు, "ఎదెల్మీరా, మీ ఆయన కొరియెంతెస్ పట్నంలో కనిపించాడట! బాగా లావెక్కాడట! నీ చిపాలు తినే బాధ తప్పిందిగా మరి!" అని ఏడిపించేవాళ్లు.

"లావెక్కితే మంచిదేగా, నా దగ్గరున్నప్పుడు ఎముకలగూడు" అని నవ్వేసేది.

అలా పందొమ్మిదేళ్లు నవ్వింది. జుట్టంతా తెల్లబడింది.

మొన్న జనవరిలో, మా వైపు నడివేసవి అదే, సోమవారం ఆ కొట్టు పడగొడతారని తెలిసింది. శనివారం ఎండ నిప్పులు చెరుగుతుంటే ఎదెల్మీరా నెత్తిమీద గంపతో నా గుమ్మం ముందు నిలబడింది.

"పాస్తోరక్కా, తాళంచెవి ఇవ్వు."

"వద్దే తల్లీ... ఆ పీడ మనకెందుకు?"

"నన్ను వదిలేసి పోయాడో, ప్రాణమే పోయిందో తెలియాలి. ఇటూ ఏడవలేక, అటూ ఏడవలేక చస్తున్నా."

తాళంచెవి తీసుకుని తోడు వెళ్లాను.

తలుపు తీస్తే లోపల చీకటి. బూజు. ఆ బూజు వెనక... పచ్చటి వెలుగు. బల్బులు వెలుగుతున్నాయి! చుట్ట మెల్లగా దానంతటదే తిరుగుతోంది.

అప్పుడర్థమైంది నాకు. వీధి వీధంతా నిద్రపోయే వేళ కదా! ఇన్నేళ్లూ మా నిద్రలే ఆ మిషన్‌ని నడిపిస్తున్నాయి. తీగలో చిక్కుకున్న కేకే మేం వింటున్నది. ఓస్, దెయ్యమూ లేదు, గియ్యమూ లేదు అనుకుని ఊపిరి పీల్చుకున్నాను.

ఎదెల్మీరా చుట్టని మొదటికి తిప్పి, పట్టీ కట్టుకుని కళ్లు మూసుకుంది. నాకు నిద్ర రాకుండా చెయ్యి గిల్లుకుంటూ గుమ్మంలోనే నిలబడ్డాను.

కాసేపటికి తన పెదాలు కదిలాయి.

"ఎవారిస్తో... నేనే... ఎదెల్మీని..."

ఆ వెంటనే మిషన్‌లోంచి కేక. గోడలు అదిరాయి. ఎదెల్మీరా దిగ్గున లేచింది. చుట్టూ చూసింది గానీ, నన్ను చూసినట్టు లేదు.

ఇంటికి తీసుకొచ్చి కూర్చోబెట్టి, మాటె ఆకు నానబెట్టిన చల్లటి నీళ్లు ఇచ్చాను. రెండు గుటకలు తాగి చెప్పింది.

"ఆ కుర్చీలోనే ఉన్నాడక్కా. అలాగే ఉన్నాడు, పడుచువాడు. నేను ఎదురుగా నిలబడ్డాను, ఈ ముఖంతో, ఈ జుట్టుతో. 'ఎవరవ్వా నువ్వు?' అన్నాడు. ఎలా ఊరుకోను? పేరు చెప్పాను. నా ముఖంలోకి అలా చూసి చూసి... 'చచ్చిపోయావా ఎదెల్మీ?' అన్నాడు. దెయ్యాన్నై వచ్చాననుకున్నాడు."

"మరి అందుకేనా పడవెక్కింది? నీకు భయపడి పారిపోయాడా?"

తల అడ్డంగా ఊపింది.

"ఏటికి అవతలే కదా మా అమ్మ ఇల్లు. నేను బతికున్నానో లేదో చూసుకోడానికి బయల్దేరాడక్కా."

గ్లాసు కింద పెట్టింది. తర్వాత ఎదెల్మీరా రహస్యంలా అడిగింది: "ఇవాళ నేను వెళ్లి పలకరించకపోయి ఉంటే... పడవెక్కేవాడు కాదా?"

"పిచ్చిదానా! నువ్వు కూర్చున్నది ఇవాళ. అతను అరిచింది పందొమ్మిదేళ్ల కిందట. మనసులో అతన్నే తలుచుకుని పడుకున్నావు, నీ కలా అతని కలా కలిసిపోయి ఉంటాయి" అన్నాను.

నిజంగా అలాగే అనుకున్నాను. కానీ ఆమె కళ్లలో బెదురు పోలేదు. చెయ్యి చాపి నా ముందు పెట్టింది.

"అరిచే ముందు ఇంకో మాట అన్నాడక్కా. 'ఆ రాత్రి నువ్వలిగి వెళ్లాక తొమ్మిది రోజులూ నీ కలే. రోజూ పడుచుదానిగానే వచ్చి నిలబడేదానివి. ఇవాళ ముసలిదానివై వచ్చావు, చెయ్యి కూడా కాలింది, ఎందుకని?' అన్నాడు."

ఆ ముంజేతి మీద బొబ్బ ఉంది. ఇవాళ పొద్దునే చిపాలు కాలుస్తుంటే పొయ్యి దగ్గర కాలిందట. ఇంకా పచ్చిగానే ఉంది.