ఏడుకీ ఎనిమిదికీ మధ్య

ముందుగా క్షమించమని అడగాలి. నాకు అక్షరాలు వచ్చింది అరవై ఐదేళ్లు నిండాక. ఒత్తులూ దీర్ఘాలూ ఇప్పటికీ నా మాట వినవు. ఒక పేజీకి రెండు రోజులు పడుతుంది. గూఢచారి కథ పరుగెత్తాలంటారు. నా కథ నడుస్తుంది. కాస్త ఓపిక పట్టండి.

ఇందులో ఏజెంట్ మా ఆయన. లిఫ్ట్ ఆపరేటర్ నా తమ్ముడు. ఏజెంట్ భార్యను నేనే. "నేను" అని రాయబోతే చెయ్యి ఆగిపోతోంది కాబట్టి "భార్య" అని రాస్తాను. ముప్పై ఎనిమిదేళ్లుగా లోకం నా తమ్ముణ్ణి దేశద్రోహి అంటోంది. అవునా, కాదా? ఈ కథంతా అందుకే. మా ఆయన డైరీల్లో ఉన్నదే రాస్తున్నాను.

*

చీఫ్ గదికి కిటికీలు లేవు. బల్ల మీద ఒకే ఒక ఫైలు.

"పదకొండు అంతస్తుల భవనం," అన్నాడు చీఫ్. "పై అంతస్తులో మీటింగ్ హాలు. ఏడాదిలోగా రెండు దేశాల వాళ్లు అక్కడ కూర్చుని యుద్ధం ఆపే ఒప్పందం మీద సంతకాలు పెడతారు. ఆ సంతకాలు పడకుండా చెయ్యాలని ఒక విదేశీ ముఠా కంకణం కట్టుకుంది. నువ్వు ముందే లోపల ఉండాలి."

"ఏ వేషంలో సార్?"

"లిఫ్ట్ మెకానిక్. అదే నీ కవర్, నీ ముసుగు. ఏ అంతస్తుకి వెళ్లినా ఎందుకొచ్చావని ఎవడూ అడగడు."

"ఉద్యోగం ఎవరిప్పిస్తారు?"

చీఫ్ ఫైలు ఇటు తిప్పాడు. "అక్కడ ఒక లిఫ్ట్ ఆపరేటర్ ఉన్నాడు. పాతికేళ్లవాడు. నోరు ఎక్కువ, చెయ్యి శుభ్రం. మేనేజర్‌కి వాడంటే ప్రాణం. వాడికి పెళ్లికాని అక్క ఉంది. మా బావకి పనివ్వండి అని వాడు అడిగితే కాదనేవాడు లేడు."

ఏజెంట్ ఫైలు మూశాడు.

"ఆ అమ్మాయికి చదువు రాదు. నీ ఇల్లే ఇనప్పెట్టె అనుకో. అన్ని విధాలా అనుకూలం."

"ఆపరేషన్ అయ్యాక సార్?"

"అయ్యాక నీ ఇష్టం."

మొదటి డైరీ మొదటి పేజీలో ఉన్న మాటలివి. ఏజెంట్ అన్నవాడు ఒక్క అక్షరం కూడా రాసి ఉంచకూడదని గూఢచారి బ్యూరో నిబంధన. అన్నిటికీ తలవంచినవాడు ఆ ఒక్కటి తప్పాడు. పొద్దస్తమానం అబద్ధాలాడేవాడికి ఎక్కడో ఒకచోట నిజం చెప్పుకోవాలనిపిస్తుందేమో. చెప్పుకోడానికి ఇంట్లో మనిషి ఉంది. అతను కాగితానికి చెప్పుకున్నాడు.

డైరీలను దాచనైనా లేదు. అద్దం కింది అరలో, దువ్వెన పక్కనే పెట్టేవాడు. భార్య రోజూ వాటి దుమ్ము దులిపేది.

"ఏంటండీ, రోజూ అంతంత రాస్తారు?"

"ఏ లిఫ్టుకి ఏం బాగుచేశానో రాసుకోవాలి. మా పనిలో తప్పదు."

"నాక్కూడా నాలుగక్షరాలు నేర్పకూడదూ?"

"ఇప్పుడు నేర్చుకుని ఊళ్లేలాలా ఏంటి?" అని నవ్వాడు. ఆమె కూడా నవ్వింది.

ఆ రోజు పేజీలో ఇలా ఉంది: "చదువు నేర్పమంది. నవ్వి తప్పించుకున్నాను. సెక్యూరిటీ."

*

ముఠా నాయకుణ్ణి బ్యూరోలో ఫ్లోరిస్ట్ అనేవారు. పైకి పెద్ద పూలదుకాణం యజమాని. అతని పక్కనే తిరుగుతూ బ్యూరోకి కబుర్లు అందించేది ఒక దుభాషి. కోడ్ పేరు నెమలి. ఆరు భాషలు వచ్చు. ఆమె లాబీలో అడుగుపెడితే టైపిస్టుల వేళ్లు ఆగిపోయేవి. తన మనిషే అని ఫ్లోరిస్ట్ అనుకునేవాడు. తమ మనిషే అని బ్యూరో అనుకునేది. ఏజెంటుకి మాత్రం కడదాకా సందేహమే.

లిఫ్టులో ఆమె, "మెకానిక్ గారూ, తలుపు కిర్రుమంటోంది," అంటే చెప్పాల్సిన కబురుందని. అతను, "గ్రీజు అయిపోయిందండీ," అంటే ఇప్పుడు కాదు, ఎవరో చూస్తున్నారని. అతని టార్చిలైటులో కెమెరా ఉండేది. స్క్రూడ్రైవర్ పిడిలో ట్రాన్స్‌మిటర్ ఉండేది. ఇవేవీ తమ్ముడికి తెలియవు. కానీ వాడి కళ్లు వాడికున్నాయి.

"ఆవిడ ఎక్కినప్పుడే తలుపు కిర్రుమంటుందేంటి బావా? అక్కతో చెప్పమంటావా?"

"చెప్పు. ఆవిడ ఎక్కే ముందు నువ్వు తల దువ్వుకుంటావని నేనూ చెబుతా."

"అమ్మో! నువ్వు మెకానిక్‌వి కాదు బావా, సీఐడీవి!"

"గుండె ఆగినంత పనైంది," అని రాసుకున్నాడు ఏజెంట్. "వాడు పడీపడీ నవ్వుతున్నాడు. వాణ్ణి చూసి నేనూ నవ్వాను. నటించలేదు."

ప్రతి ఆదివారం తమ్ముడు అక్క ఇంటికి వచ్చేవాడు. మెడ కదలకుండా కూర్చోవడం చేతకాని మనిషి, యూనిఫాం కాలర్ నెలకోసారి చిరిగేది. అక్క కుట్టిపెట్టేది. బావా బావమరుదులు ఆ కుట్టు మీద జోకులేసుకునేవారు.

*

సంతకాల రోజు వచ్చింది. ముహూర్తం పదకొండు గంటలకి. రెండు దేశాల పెద్దలూ అప్పటికే పదకొండో అంతస్తు హాల్లో ఉన్నారు. ఆ పైన మెషిన్ రూములో ఏజెంట్ ఒక్కడే ఉన్నాడు. కింద లాబీలో రెండు వందల మంది విలేకర్లూ, సిబ్బందీ.

పది యాభై ఆరుకి లిఫ్ట్ బయల్దేరింది. లోపల తమ్ముడూ, హాలు బల్ల పక్కకి పంపుతున్న నిలువెత్తు పూలస్టాండూ.

స్క్రూడ్రైవర్ పిడి గుయ్యిమంది. నెమలి గొంతు.

"పూలస్టాండు అడుగున. టైం బాంబు. పదకొండుకి."

ఏజెంట్ తల తిప్పి, లిఫ్ట్ ఏ అంతస్తులో ఉందో చూపించే ముల్లు చూశాడు. అయిదు. ఆరు. పైకి రానిస్తే హాలు పోతుంది. కిందికి పంపితే లాబీ పోతుంది. ఏడూ ఎనిమిదీ రంగులు వేయడం కోసం ఖాళీ చేసిన అంతస్తులు. లిఫ్ట్ తిరిగే బావికి మూరెడు మందం కాంక్రీటు గోడలు.

మెయిన్ స్విచ్ లాగేశాడు. ముల్లు ఏడుకీ ఎనిమిదికీ మధ్య ఆగింది. పది యాభై ఏడు.

లిఫ్ట్ ఫోన్ మోగింది.

"బావా! నన్ను తీసుకొచ్చి త్రిశంకు స్వర్గంలో నిలబెట్టావేంటి?"

ఏజెంట్ ఫోన్‌కి చెయ్యి అడ్డం పెట్టాడు. లిఫ్ట్ ఫోన్‌లో ఏది మాట్లాడినా కింద లాబీ డెస్క్ దగ్గర స్పీకర్లో వినిపిస్తుంది. డెస్క్‌కి ఆనుకుని ఫ్లోరిస్ట్ నిలబడి ఉన్నాడు. ఓ మూలకెళ్లి కబురు చెప్పిన నెమలి మళ్లీ అతని పక్కనే ఉంది. "పారిపో" అన్న ఒక్క మాట చాలు, బాంబు సంగతి చేరవేసిందెవరో ఫ్లోరిస్ట్‌కి అర్థమైపోతుంది. నెమలి బతకదు. ముఠా చెదిరిపోతుంది.

ట్రాన్స్‌మిటర్ నోటి దగ్గర పెట్టుకున్నాడు. "చీఫ్. లోపల ఆపరేటర్ ఉన్నాడు."

"తెలుసు. ఏమీ చెప్పకు."

"నా బావమరిది సార్."

"నీ కవర్," అన్నాడు చీఫ్.

ఫోన్‌లో చెప్పకుండా కాపాడే దారి ఒకటుంది. మెషిన్ రూము నుంచి బావి గోడ వెంట లిఫ్ట్ కప్పు దాకా ఇనప నిచ్చెన ఉంది. కప్పు మీది మూత పైనుంచే తెరుచుకుంటుంది. చప్పుడు చేయకుండా దిగి, మూత తీసి, చెయ్యి అందిస్తే చాలు. ఎనిమిదో అంతస్తు తలుపు ఆ పక్కనే. డైరీలో ఆ చోట ఇలా ఉంది: "నిచ్చెన దిగడానికి నాలుగు నిమిషాలు. ఉన్నవి మూడు. లాభం లేదు."

అతను ఫోన్ మీది చెయ్యి తీశాడు.

"ఫ్యూజు పోయిందిరా. అయిదు నిమిషాలు ఆగు."

"సరే గానీ తొందరగా కానియ్ బావా. ఈ పూల వాసనకి తల తిరిగిపోతోంది. అన్నట్టు, కాలర్ మళ్లీ చిరిగింది. ఆదివారం వస్తున్నానని అక్కతో చెప్పు."

"చెబుతాను."

"తిట్టకుండా కుట్టమను."

"సరే."

ఆ మాట అతను భార్యతో చెప్పలేదు. ముప్పై అయిదేళ్లు అదే ఇంట్లో ఉండి కూడా చెప్పలేదు.

పదకొండో అంతస్తులో బల్ల మీది గాజుగ్లాసులు ఒక్కసారి గలగలమన్నాయి. పెద్దలు ఒకరి మొహం ఒకరు చూసుకున్నారు. అరగంట ఆలస్యంగా సంతకాలు పడ్డాయి. యుద్ధం ఆగింది.

*

నెమలి మీద అనుమానం రాకుండా ఫ్లోరిస్ట్‌ను నమ్మించే కథ ఒకటి కావాలి. బ్యూరో ఆ మధ్యాహ్నమే అల్లింది. మర్నాడు పేపర్లన్నీ ఒకటే రాశాయి: బాంబు తెచ్చింది లిఫ్ట్ ఆపరేటరే, మధ్యలో ఫ్యూజు పోయి తను తీసిన గోతిలో తనే పడ్డాడు. ఫ్లోరిస్ట్ తన ఖర్మ అనుకున్నాడు. అయిదో రోజున ముఠా మొత్తం, పద్నాలుగు మంది, నెమలి చెప్పిన ఇంట్లో దొరికిపోయారు. నెమలి కొత్త పేరుతో ఇంకో దేశం విమానం ఎక్కింది. అబద్ధాన్ని వెనక్కి తీసుకోవడం మాత్రం ఎవరికీ గుర్తు రాలేదు.

తమ్ముడి తల్లి కుళాయి దగ్గర బిందె పెడితే మిగతావాళ్లు తమ బిందెలు పక్కకి జరుపుకునేవారు. ఆమె ఎవర్నీ ఏమీ అనలేదు. నీళ్లు పట్టుకుని వచ్చేసేది. ఏడాది తిరక్కుండానే పోయింది.

"ఏవండీ," అని భార్య ఒకసారి అడిగింది. "వాడు అంత పని చేసేవాడంటారా?"

"ఎవరి మనసులో ఏముందో మనకేం తెలుసు," అన్నాడు ఏజెంట్.

డైరీలో: "ఈరోజు అడిగింది. ఏదో చెప్పాను."

అంతకు ముందు పేజీలో ఇంకొకటి ఉంది. చీఫ్ అతనితో, "ఆపరేషన్ ముగిసింది. నీ ఇష్టమన్నాను కదా, వెళ్లిపోవచ్చు," అన్నాడట. దాని కింద ఒక్కటే వాక్యం: "ఇంటికి వచ్చాను."

బ్యూరో పతకం ఇచ్చింది. అతను తీసుకున్నాడు, మెకానిక్ ఉద్యోగం మాత్రం వదల్లేదు. కొత్త లిఫ్ట్ వచ్చింది. నిచ్చెన పాతదే. మరుసటి ఏడాది అదే తారీఖున డైరీలో ఇలా ఉంది: "నిచ్చెన దిగి చూశాను. రెండు నిమిషాల పది సెకన్లు."

ఇంకేమీ రాయలేదు.

ఆ పై ఏడాది: "రెండు నిమిషాల పన్నెండు." అలా ఏటా ఆ తారీఖున ఒక్కటే వాక్యం. "రెండు ముప్పై." "మోకాలు నొప్పి. మూడు అయిదు." "మూడు నలభై." రిటైరైన ఏడాది: "నాలుగు నిమిషాలు. ఇన్నాళ్లకి నేను రాసింది నిజమైంది." తర్వాత ఆ తారీఖు పేజీలన్నీ ఖాళీ.

ఆ తారీఖున అతను ఇంటికి వచ్చి చేతులు ఎంతసేపు కడుక్కునేవాడో భార్యకి గుర్తుంది. గ్రీజు వదలడం లేదేమో అని వేడినీళ్లు పెట్టి ఇచ్చేది.

*

ఇక్కడినుంచి "నేను" అనే రాస్తాను.

ఆయన పోయాక ఇల్లు మరీ నిశ్శబ్దమైపోయింది. ఆయన గొంతు వినాలనిపించింది. ఆయన మాటలు మిగిలింది ఆ ముప్పై ఆరు డైరీల్లోనే. ఉత్త లిఫ్టుల సంగతులే అయినా సరే, ఆయన మాటలే కదా. కింది వాటాలో ఉండే టీచరమ్మని అడిగాను. మధ్యాహ్నాలు కూర్చోబెట్టి నేర్పింది. మొగుడి కోసం అక్షరాలు నేర్చుకుంటే తమ్ముడు దొరికాడు. వాడు దొరికిన చోటే మొగుణ్ణి పోగొట్టుకున్నాను. ఆయన మీద కోపం రావాలి. వస్తుంది కూడా. వచ్చిన ప్రతిసారీ, అరవై ఏళ్ల మనిషి మోకాలు పట్టుకుని ఆ నిచ్చెన దిగడం కళ్లముందు కనబడుతుంది. నాకు రెండూ కావాలి, కోపమూ, ఏడుపూ. ఒకటి రెండోదాన్ని సాగనివ్వదు.

ఆపరేషన్ డైరీ మొత్తం, తర్వాతి వాటిల్లో ఆ తారీఖు పేజీలూ చూచిరాత రాసుకున్నాను. ఆరు నెలలు పట్టింది. ఆఖరి పేజీ ముగించిన ఉదయమే తలుపు చప్పుడైంది. అప్పుడే రాసిన కాగితాలు మంచం మీది దుప్పటి కిందికి తోశాను.

ఎనభై దాటిన పెద్దమనిషి. చేతికర్ర. వెనకాల బ్రీఫ్‌కేసు పట్టుకున్న ఆఫీసరు. మాట తీరు వినగానే చీఫ్ అని తెలిసింది. డైరీలో మనుషులు ఎలా మాట్లాడతారో మా ఆయన బాగా రాసేవారు.

"మీవారు మాకు పాత స్నేహితులమ్మా. ఆయన ఏవైనా పుస్తకాలు రాసుకునేవారా? పాతవాళ్ల ఇళ్లన్నీ ఓసారి చూస్తున్నాం."

"ఉన్నాయి బాబుగారూ. లిఫ్టుల సంగతులనేవారు."

అద్దం కింది అరలోంచి తెచ్చి ఆయన ముందు పెట్టాను. ఆయన ఒకటి తెరిచి నా ఎదురుగానే చదువుకున్నారు. మొహం పాలిపోయింది.

"ఇవి మీకెవరైనా చదివి వినిపించారా అమ్మా?"

"నాకెవరు చదివి పెడతారండీ?"

అది నిజమే కదా. ఎవరూ చదివి పెట్టలేదు.

ఆయన ఊపిరి పీల్చుకున్నారు. డైరీలన్నీ బ్రీఫ్‌కేసులోకీ, రెండు సంచుల్లోకీ వెళ్లాయి. ఆఫీసరు ఒక కాగితం నా ముందుకి జరిపాడు. ఈ పుస్తకాల్లో ఏముందో నాకు తెలియదనీ, ఇష్టపూర్వకంగా ఇచ్చేస్తున్నాననీ ఉంది అందులో. పెన్ను ఇవ్వబోతుంటే పెద్దాయన ఆపారు.

"ఆవిడకి రాదయ్యా. ఇంకు ప్యాడ్ తియ్యి."

ఎడమ బొటనవేలు ముంచి, ఒత్తి, ముద్ర వేశాను. ఏజెంట్ భార్యని. కవర్ అంత తేలిగ్గా చెడగొట్టుకోను.

వాళ్లు కిందికి దిగేదాకా ఆగి, దుప్పటి తీసి, ఈ కథ మొదలుపెట్టాను. నా తమ్ముడు పూలు తీసుకెళ్తున్నాడు. అంతే. వాడు చేసిన నేరం అదొక్కటే.

ఇట్లు,
లిఫ్ట్ ఆపరేటర్ అక్క.
వయసు అరవై ఎనిమిది.
ఉంటున్నది నాలుగో అంతస్తు, వెనక వాటా. బిల్డింగులో లిఫ్ట్ ఉంది. నేను మెట్లెక్కుతాను.