పంతులమ్మ చదివిన సుపగట్టి

రాజమండ్రి దగ్గర గోదావరి మీద రైలు వంతెన స్తంభాలు లేస్తున్న రోజులు. ధవళేశ్వరంలో ఇంజనీరు దొర బంగళాలో వంట చేసే ఆశీర్వాదం ఓ సాయంత్రం మిషను బడి ముందు నిలబడ్డాడు. చేతిలో మడత పెట్టిన కాగితం.

"పంతులమ్మ గారూ, ఇది కాస్త చదివి పెడతారాండి? దొరసాని గారి పుట్టినరోజుకి వాళ్ళమ్మ గారి దేశం వంట చెయ్యాలంట. ఇటలీ అంట."

సంపూర్ణమ్మ పలకలు దిద్దడం ఆపి కాగితం అందుకుంది.

"ఇది వంటలా లేదండీ, తాడు పేనడంలా ఉంది. గోధుమపిండి గుడ్లతో కలిపి దారాల్లా తియ్యాలంట. మాంసం సన్నగా కొట్టి ఉండలు చెయ్యాలంట. పేరు స్పగెట్టి."

"సుపగట్టి."

"స్పగెట్టి!"

"అదేనండి, సుపగట్టి."

పిల్లలు పడీ పడీ నవ్వారు. అతనూ నవ్వాడు. ఆ నవ్వు బాగుందనుకుంది సంపూర్ణమ్మ. అలా అనుకున్నందుకు తనమీద తనకే కోపమొచ్చి, ఓ పిల్లదాన్ని ఊరికే కసిరింది.

అప్పట్నుంచి రోజూ సాయంత్రం ఆశీర్వాదం సంపూర్ణమ్మ వాళ్ళింటి అరుగు మీదికి వచ్చేవాడు. ఆమె ఒక్క వాక్యం చదివేది, అతను కంఠతా పట్టేవాడు. ఒక్క పూటలో అయిపోయే పాఠం పది రోజులు సాగినా, ఎందుకని ఇద్దరూ అడగలేదు. దారాలు తియ్యడానికి సంపూర్ణమ్మ తల్లి అప్పాయమ్మ తన జంతికల గొట్టం కూడా ఇచ్చింది.

అంతలో దొరసాని చెల్లెలు యానాం నుంచి పడవలో వచ్చింది. వెంట ఆయా ప్రసన్నకుమారి. అంచుల పరికిణీ, కొప్పులో దువ్వెన, పరాసు దొరలు, అంటే ఫ్రెంచివాళ్ళ ఇళ్ళలో పెరిగిన మాట తీరు.

"ప్రసన్న గారు ఈ వంట తిన్నారంటండి!" అన్నాడు ఆశీర్వాదం మొదటిరోజు.

"ప్రసన్న గారు ఉండలు భలే చుడతారండి!" రెండోరోజు.

"రామములగ పళ్ళు, అదేనండి టమాటాలు, వాటి పులుసులో పంచదార చిటికెడు వెయ్యమన్నారండి ప్రసన్న గారు." మూడోరోజు.

"కాగితంలో పంచదార లేదు," అంది సంపూర్ణమ్మ.

"ప్రసన్న గారు చెప్పారు కదండి."

పుట్టినరోజు రేపే. ఇక చదవాల్సింది ఆఖరి వాక్యమే. నీళ్ళు మరిగాక ఎనిమిది నిమిషాలు ఉడికించాలని రాసుంది.

"ఎంతసేపు ఉడకాలండి? పోనీ, ప్రసన్న గారిని అడగనా?"

"ఎవర్నీ అడగక్కర్లేదు. ముప్పావు గంట!"

అతను తలూపి వెళ్ళిపోయాడు. ఆ మాట నోటి నుంచి ఎలా వచ్చిందో ఆమెకే తెలియలేదు. పొద్దున్నే వెళ్ళి సరిదిద్దాలనుకుంది. పొద్దున్న జల్లు పడుతోంది. బడి కిటికీలోంచి చూస్తే కాలవ గట్టు మీద ఒకే గొడుగు కింద ఆశీర్వాదం, ప్రసన్నకుమారి వస్తున్నారు. అతని చేతిలో రామములగ పళ్ళ బుట్ట, గొడుగు ఆమె చేతిలో. ఆమె ఏదో అంది. అతను నవ్వాడు, అదే నవ్వు.

సంపూర్ణమ్మ కిటికీ మూసేసింది.

సాయంత్రం ఆశీర్వాదం తడిసి ముద్దై వచ్చాడు. జంతికల గొట్టం అరుగు మీద పెట్టాడు.

"గంజి అయిపోయిందండి. దొరసాని గారు ఒక ముద్ద నోట్లో పెట్టుకుని, బల్ల దగ్గర్నుంచి లేచి వెళ్ళిపోయారు. దొర గారు వేరే చోటు చూసుకోమన్నారు. మంగళవారం పడవలో యానాం రమ్మంటున్నారు ప్రసన్న గారు, అక్కడ వంటపని ఉందంట." మొహం మీది నీళ్ళు తుడుచుకున్నాడు. "ఉడుకుతున్నప్పుడు నా చెయ్యి వద్దంటానే ఉందండి. కానీ మీరు చదివారు కదా అని..."

సంపూర్ణమ్మ జంతికల గొట్టం తీసుకుని లోపలికి వెళ్ళిపోయింది.

మర్నాడు ఆదివారం. ఆరాధన అవగానే సంపూర్ణమ్మ బంగళాకి వెళ్ళింది. ఎనిమిది నిమిషాలని తెలిసీ ముప్పావు గంటని చదివానని దొరసానికి ఇంగ్లీషులో చెప్పేసింది.

ఎందుకలా చేశావని దొరసాని అడిగింది.

పిల్లలకి రోజూ ఇంగ్లీషు చెప్పే పంతులమ్మకి అసూయకి ఇంగ్లీషు మాట తట్టలేదు. "నాకు ఒక గొడుగు మీద కోపం వచ్చిందమ్మా," అంది చివరికి.

దొరసాని ఆమెనూ, వెనక వసారాలో ఆరేసి ఉన్న ప్రసన్నకుమారి గొడుగునూ మార్చి మార్చి చూసింది. నవ్వు రాకుండా పెదవి బిగబట్టింది. "రేపు మధ్యాహ్నం. మీ ఇంట్లో వండి తీసుకురండి. ఇద్దరూ."

ఆశీర్వాదానికి చెప్పడం మాత్రం అంత తేలిగ్గా కాలేదు.

"నా పొట్ట మీద కొట్టారండి," అన్నాడు.

"కొట్టాను. రేపొక్కసారి వండండి. తర్వాత యానాం వెళ్ళినా నేనేమీ అనను."

సోమవారం వచ్చాడు. మొహం ముడుచుకునే పిండి తడిపాడు. మాంసం కొట్టాడు. అప్పాయమ్మ వెల్లుల్లి ఒలుస్తూ ఇద్దర్నీ ఓరగా చూసింది. గొట్టంలోంచి దారాలు మరిగే నీళ్ళలోకి దిగాయి.

ఇంట్లో గడియారం లేదు. సంపూర్ణమ్మ పైకి లెక్కపెట్టడం మొదలుపెట్టింది. అరవై అయితే ఒక నిమిషం. నాలుగో అరవైలో అంకె తప్పింది.

"ముప్పై ఏడు," అన్నాడు ఆశీర్వాదం కుండలోంచి చూపు తిప్పకుండా.

"ముప్పై ఎనిమిది," అందామె.

ఐదో అరవై నుంచి ఇద్దరి గొంతులూ కలిశాయి.

బంగళాలో దొరసాని మొదటి ముద్ద తిని కళ్ళు మూసుకుంది. తర్వాత మళ్ళీ వడ్డించమని పళ్ళెం ముందుకి జరిపింది. దొర వైపు తిరిగి, ఈ వంటవాడు ఎక్కడికీ వెళ్ళడంలేదని చెప్పేసింది.

వెనక వసారాలో ప్రసన్నకుమారి ఎదురైంది.

"మీరేనా పంతులమ్మ గారు? యానాం రమ్మంటే నిన్నటిదాకా ఊఁ అన్నారండి ఈయన. పొద్దున్న మీ ఇంటికి బయల్దేరుతూ, రానని చెప్పేశారు. ఇంకా వండకముందే!" నవ్వబోయింది కానీ నవ్వు సరిగ్గా రాలేదు. సంపూర్ణమ్మకి మొదటిసారి ఆమె మీద జాలేసింది.

కాలవ గట్టు మీద ఇద్దరూ ఖాళీ గిన్నెలతో నడుస్తున్నారు.

"రోజుకి పదిసార్లు ఆవిడ పేరెత్తేవారు," అంది సంపూర్ణమ్మ.

"వంట చెడితే పని పోద్దని భయం. పని పోతే ఏ మొహం పెట్టుకుని మీ అమ్మగారిని అడుగుతానండి? అందుకే తెలిసినవాళ్ళందర్నీ అడిగాను."

"అమ్మని ఏమడుగుతారు?"

అతను గిన్నె ఈ చేతి నుంచి ఆ చేతికి మార్చుకున్నాడు. "ముందు నాకు ఇంగ్లీషు చదవడం నేర్పండి. పెళ్ళయ్యాక మీకు కోపం వచ్చినప్పుడల్లా నా ఉద్యోగం ఊడితే ఎలాగండి?"

ఆమె చేతిలో గిన్నె జారి గట్టు మీద దొర్లింది. దాన్ని పట్టుకోవడానికి ఇద్దరూ పరిగెత్తారు.

రెండు వారాల తర్వాత ఆరాధనలో పాదిరిగారు పెళ్ళి ప్రకటనలో వాళ్ళిద్దరి పేర్లూ చదివారు. సంపూర్ణమ్మ తలెత్తలేదు. పక్కనున్న అప్పాయమ్మ మోచేత్తో పొడిచి, "ఇప్పుడు చూడవే, అందరూ చూస్తున్నారు," అంది.

ఆమె చూసింది. మగవాళ్ళ వరసలోంచి ఆశీర్వాదం అప్పటికే చూస్తున్నాడు.