మధ్య పదాలు

“నువ్వు వెళ్ళేసరికి ఆమె కీప్యాడ్ దగ్గర ఉంటుంది. నంబర్లు నొక్కిందంటే విషం సిలిండర్ తెరుచుకుని ఊరి నీళ్ళలో కలుస్తుంది. నొక్కనివ్వకు,” అన్నాడు చీఫ్.

“ఆమె అంటే?” తెలిసే అడిగాడు ప్లస్.

“మైనస్. ఫొటోలు చూశావుగా.”

డిపార్ట్‌మెంట్ ఆ మొగుడూ పెళ్ళాలకు సరదాగా తగిలించిన కోడ్ పేర్లవి. ఏజెంట్ కాకముందు అతను ఆల్జీబ్రా మాస్టారు. ఆమె హోటల్లో పాటలు పాడుతూ, తప్పిన పరీక్ష మళ్ళీ కట్టి అతని దగ్గర ట్యూషన్‌కు చేరింది. మొదటి లెక్క 3599ను విడగొట్టడం. అరవై వర్గంలోంచి ఒకటి వర్గం తీసేస్తే వచ్చే సంఖ్య అది. కాబట్టి అరవై మైనస్ ఒకటి, అరవై ప్లస్ ఒకటి. 59, 61. ఆ రెండింటినీ తిరిగి గుణించి చూపిస్తే మధ్యలో ఒక ప్లస్ అరవై, ఒక మైనస్ అరవై వచ్చి కొట్టుకుపోయాయి.

“పాపం, అవేం చేశాయని?” అని నవ్విందామె. అతను ఆ నవ్వుకే పడిపోయాడు.

పెళ్ళయ్యాక ఇద్దరూ డిపార్ట్‌మెంట్‌లో చేరారు. తర్వాత ఆమెను విదేశీ ముఠాలోకి డబుల్ ఏజెంట్‌గా పంపారు. కొన్నాళ్ళకు కబుర్లు ఆగి ఫొటోలు మొదలయ్యాయి: ముఠా నాయకుడి పక్కన, ముత్యాల హారంతో. ఆమె నిజంగా ద్రోహి అయితే బాగుండునని ఒక్కోసారి అతనికి అనిపించేది. ఆమె తనను మరిచిపోవడానికి అదైనా ఒక మర్యాదైన కారణం.

మీటర్ రీడర్ వేషంలో నీటి శుద్ధి కేంద్రంలోకి దిగాడు. పెన్నులోంచి దూసుకెళ్ళిన మత్తు సూదికి కాపలావాడు కూలబడ్డాడు. పంపుల గది తలుపు తోస్తే నల్ల గౌను, ముత్యాల హారం, కీప్యాడ్ మీద ఆమె వేళ్ళు. ఆగమని అరవొచ్చు. అరవలేదు. అతని సైలెన్సర్ పిస్టల్ ఒక్కసారి దగ్గింది.

ఆమె గోడ పట్టుకుని జారింది.

“తొందరపడ్డారు మాస్టారూ. గుర్తు సరిగ్గా చూసుకోలేదు.” క్లాసులో అతను అనే మాటే, తిరిగి అప్పజెబుతున్నట్టు అంది. “టైమర్ వాళ్ళెప్పుడో పెట్టేశారు. నేను ఆపుతున్నా. కోడ్ పెట్టమంది నన్నే... నేను లేకపోయినా మీరు విప్పగలరని...”

మిగతా మాట రాలేదు.

తెర మీద 3599. కింద రెండు గళ్ళు. మొదటి దాంట్లో ఆమె అప్పటికే 59 నొక్కి ఉంది. రెండోది ఖాళీ. క్షణాలు ఒంటి అంకెలోకి దిగాయి. 61 నొక్కాడు. సిలిండర్ మూత కదలబోయి ఆగిపోయింది. ఊళ్ళో ఎవరో కుళాయి తిప్పి మొహం కడుక్కుంటూ ఉండి ఉంటారు.

నేల మీద కూర్చుని ఆమె తల ఒళ్ళో పెట్టుకున్నాడు. జేబులో రేడియో గరగరలాడింది.

“శభాష్ ప్లస్. మన వైపు నష్టమేమైనా?” అడిగాడు చీఫ్.

“లెక్క సరిపోయింది సార్. మధ్యలోవి కొట్టుకుపోయాయి.”