జంపక్క పలికింది

మా దవాఖానాలో వస్తువులకు మనుషుల పేర్లుంటాయి. ఎవరైనా పోతే వాళ్ల జ్ఞాపకార్థం ఒక ఫ్యానో, బల్లో, మిషనో ఇచ్చి దాని మీద ఎర్ర పెయింటుతో పేరు రాయిస్తారు. నర్సులు "రమణయ్య తిరుగుత లేడు, జర చూడు" అన్నారంటే వార్డులో ఫ్యాను ఆగిందని అర్థం. బూర్గంపాడు దాటి అడవి మొదలయ్యే చోట ఉన్న చిన్న ట్రస్టు దవాఖానా మాది. అక్కడ కంప్యూటర్ల పని నాది. చదివింది ఇంటరే అయినా పని శుద్ధంగా చేస్తాను. డ్యూటీ వేళ దెయ్యాల ముచ్చట్లు పెట్టేవాళ్లను కసిరి లేపేవాణ్ని.

మా ఊపిరి మిషను, అంటే వెంటిలేటరు పేరు జంపక్క. ఆమె మా దగ్గర ఆయాగా చేసి చేసి చనిపోయిన మనిషి. ఎవరిని పిలిచినా ఆమే పలికేది. డాక్టరు "శారదా" అని కేకేస్తే, నర్సు శారదక్క కుర్చీలోంచి లేచేలోపే "వస్తున్న బిడ్డా" అంటూ జంపక్క వచ్చేది. ముందు ఫినాయిలు, చుట్ట వాసనలు వచ్చేవి, వెనకాల ఆమె. ఆమె పేరున వచ్చిన మిషను ప్రతి ఊపిరి చివర 'టక్' అనేది. మొన్న వానాకాలంలో అది కాలిపోతే స్టోర్ రూములో పడేసి తాళం వేశాం.

దాని చోట కొత్త మిషను వచ్చింది. దీన్ని ఖమ్మంలో కూర్చుని డాక్టరు ఉదయశ్రీ మేడం నడుపుతుంది. ఇక్కడ మేం మిషను మీద ఏ మీటా నొక్కడానికి లేదు. ఆమె చూసే పేజీ క్లౌడ్‌లో, అంటే ఎక్కడో దూరాన ఉన్న పెద్ద కంప్యూటర్లలో ఉంటుంది. వాటికి మా మిషన్ల అడ్రసులు తెలియవు, పేర్లే తెలుసు. పేరు అడిగితే అడ్రసు చెప్పేదాన్ని డీఎన్‌ఎస్ అంటారు. మా పేర్లు కావాలంటే మా గదిలో ఆ పట్టిక ఉన్న పెట్టెను అడగమని క్లౌడ్‌కూ, క్లౌడ్ పేర్లు కావాలంటే క్లౌడ్‌నే అడగమని మా పెట్టెకూ చెప్పి రెంటినీ కలపాలి. ఆ రోజు నేను ఆ పనే పూర్తి చేశాను. పెట్టెలోంచి జంపక్క పేరు తీసేశాను. కొత్త మిషనుకు 'మంచం ఒకటి' అని పేరు పెట్టాను.

ఖమ్మంలో ఆ పేజీ తయారు చేసినవాళ్లు మాత్రం నర్సుల నోట విన్న పేరే రాసుకున్నారు. జంపక్క అని. అది నాకు ఎవరూ చెప్పలేదు.

దీపాలు పెట్టే వేళకు వాన దంచుతోంది. నా చెల్లెలు పూలి, తండా నుంచి బిడ్డను భుజాన వేసుకుని తడిసి వచ్చింది. చాందికి ఆరేళ్లు. కట్లపాము కరిచింది. అప్పటికే రెప్పలు వాలిపోయి ఉన్నాయి. మందు ఎక్కించినా ఊపిరి సన్నబడుతూ వచ్చింది. డ్యూటీ డాక్టరు పొంగిన వాగుకు అవతల చిక్కుకున్నాడు. కరెంటు లేదు, టవర్ లేదు, ఫోన్లు మూగబోయాయి. జనరేటరు, ఖమ్మం దాకా పోయే ఒక్క నెట్ తీగ మాత్రం బతికున్నాయి.

శారదక్కే ధైర్యం చేసి పాప గొంతులోకి గొట్టం దించింది. రబ్బరు సంచి తగిలించి చేత్తో నొక్కుతూ ఊపిరి పోస్తోంది. నేను పేజీలో మేడంకు రాశాను. వెంటనే జవాబు వచ్చింది.

"మిషను ఆన్ చేశాను. బాగా నడుస్తోంది."

మంచం పక్కన కొత్త మిషను కదల్లేదు.

"ఏంది దస్రూ, నడుస్తలేదు కదా!"

"ఒక్క నిమిషం అక్కా."

"నిమిషమా! సంచి చీలుతున్నది. గీ కంప్యూటర్ల కన్నా జంపక్కే నయముండె. పిలిస్తే పలికేది."

ఆ మాటతో నాకు వెలిగింది. పేజీ ఏ పేరుతో అడుగుతోందో చూశాను. జంపక్క. నేను తీసేసిన పేరు. జవాబే రాకూడదు. కానీ వస్తోంది... పాత మిషను అడ్రసే వస్తోంది.

ఆ పేరుకు కొత్త మిషను అడ్రసు రాశాను. మళ్లీ అడిగాను. పాత అడ్రసే. పెట్టెను ఆపి మళ్లీ వేశాను. పాత అడ్రసే. చివరికి పెట్టె తీగనే పీకేశాను. ఇక పలకడానికి మా వైపు ఏదీ లేదు.

అయినా పలికింది.

"అన్నా..." పూలి నా చెయ్యి పట్టుకుంది. "గా గదిల ఎవరున్నరు?"

విన్నాను. వాన చప్పుడు కింద, తాళం వేసిన స్టోర్ రూములోంచి...

హుస్స్... టక్.

హుస్స్... టక్.

తాళం తీశాను. ఫినాయిలు, చుట్ట వాసన గుప్పుమంది. టార్చి వేశాను. మిషను మీద దుమ్ము. ప్లగ్గు గాలిలో వేలాడుతోంది. నెట్ తీగ ఏనాడో కోసేశాం. లోపల నల్ల తిత్తి నిదానంగా లేస్తోంది... దిగుతోంది. ఖమ్మం నుంచి మేడం ఎట్లా చెబితే అట్లా.

వెనక వార్డులో రబ్బరు సంచి చీలిన చప్పుడు. శారదక్క గొంతు.

"దస్రూ! పాప నీలమవుతున్నది!"

నేను పూజలూ పూనకాలూ నమ్మే మనిషిని కాను. కానీ ఆ రాత్రి మంచాన్ని ఆ గదిలోకి నెట్టింది నేనే. పూలి ఏడుస్తూ ఒక పక్క పట్టింది. శారదక్క గుమ్మం దగ్గర ఆగిపోయింది.

"వద్దురా... గా మిషను బతికున్నది కాదురా."

"మరి బతికున్నది నడుస్తలేదు కదక్కా!"

గొట్టం నేనే తగిలించాను. చాంది ఛాతీ లేచింది. హుస్స్. దిగింది. టక్. పెదాల నీలం మెల్లగా విడిచింది. పూలి ఆ మిషను కాళ్ల మీద పడిపోయింది. నేను ఆపలేదు.

వాగు తగ్గి డాక్టరు వచ్చేసరికి పాప తనంతట తాను ఊపిరి తీసుకుంటోంది. గొట్టం తీసేశారు. తర్వాత ట్రస్టువాళ్లు ఆ మిషనును పాత ఇనుముకు ఇచ్చేశారు. నా కళ్ల ముందే ఆటోలో ఎక్కించారు. పేజీలో 'మంచం ఒకటి' పేరు చేర్చి, పేర్లు మార్చే వీలు నాకూ ఇచ్చారు.

నిన్న మేడం రాసింది: "జంపక్క ఇంకా నడుస్తున్నట్టే చూపిస్తోంది. ఆ పేరు పేజీలోంచి తీసేయ్."

చెప్పిన పని చేయాలి కాబట్టి కూర్చున్నాను. అప్పుడే పూలి పాపను చూపించడానికి వచ్చి నా వెనక బల్ల మీద కూర్చుంది. చాంది భుజం మీద నిద్రపోతోంది. పేజీలో జంపక్క ఎదురుగా చిన్న ఆకుపచ్చ గీత లేస్తోంది, దిగుతోంది. తీసేసే మీట మీద వేలు పెట్టాను.

గీత లేచింది. వెనక, పాప ఊపిరి తీసింది.

గీత దిగింది. పాప ఊపిరి వదిలింది.

టక్.

వేలు ఇంకా ఆ మీట మీదే ఉంది. నొక్కలేదు.