రాయి మీద సగం వచనం

శనివారం పొద్దున నిద్ర లేస్తూనే యాకోమీనా వేళ్ల మీద లెక్క వేసుకుంది. నిన్న రాత్రి భోజనం తర్వాత మార్కు సువార్త పదిహేనో అధ్యాయం అయింది. అంటే ఇవాళ పొద్దున తిండి కాగానే పదహారు. లెక్క తప్పయితే బాగుండునని ఇంకోసారి వేసింది. తప్పు కాలేదు.

ఆ ఇంట్లో మూడు పూటలా తిండి అయ్యాక బైబిల్లో ఒక అధ్యాయం చదవాల్సిందే. వరస తప్పకూడదు, ఒక్క మాట వదలకూడదు. జీలండ్ తీరంలో సముద్రపు కట్టల పక్కన ఉన్న ఆ ఉల్లి రైతుల ఇంట్లో ఆమె భర్త మారినస్ వాళ్ల తాతల నాటి నుంచీ అదే పద్ధతి. పెళ్లి రోజైనా సరే, ఇంట్లో శవం ఉన్నా సరే, నిన్న ఆగినచోటే ఇవాళ మొదలుపెట్టాలి. అలా పోగా పోగా పదమూడు నెలలకి పుస్తకం మొత్తం ఒక చుట్టు తిరిగి వస్తుంది. పదమూడు నెలలకోసారి యాకోమీనా గుండె చిక్కబట్టుకుని ఈ పొద్దు గడుపుతుంది.

ఎనిమిదేళ్ల కిందట కొడుకు క్రైన్ శవాన్ని ఇంటికి తెచ్చిన సాయంత్రం వంతుకొచ్చింది ఈ అధ్యాయమే. పంతొమ్మిదేళ్ల పిల్లాడు. పొగమంచులో కట్ట మీది రోడ్డున మోటారుసైకిలు చెట్టుకు గుద్దుకుంది. ఎవరూ ముట్టని రొట్టె ముందు కూర్చుని మారినస్ ఎప్పటిలాగే చదివాడు. నమ్మి బాప్తిస్మం పొందినవాడికి రక్షణ ఉంటుందన్న మాట దగ్గరికి వచ్చేసరికి, జన్మలో కంట తడి పెట్టని మనిషి భోరుమన్నాడు. "చూశావా మీనా! ఇవాళే ఈ మాట వినిపించాడు దేవుడు. మనవాడు భద్రంగా ఉన్నాడు" అన్నాడు. ఆ మాటనే కొడుకు సమాధి రాయి మీద చెక్కించాడు.

చెక్కించింది సగమే. నమ్మనివాడికి శిక్ష తప్పదని దాని వెనకే ఇంకో సగం ఉంది. దాన్ని రాయి మీద ఎవరు చెక్కించుకుంటారు గనక! కానీ యాకోమీనాకు ఎనిమిదేళ్లుగా వినబడుతున్నది ఆ రెండో సగమే. చనిపోయిన రోజు పొద్దున క్రైన్ వంటింట్లోకి వచ్చి, "అమ్మా, నాకు ఈ బైబిలు మాటల మీద నమ్మకం పోయింది. నాన్నతో ఇవాళ చెప్పేస్తాను" అన్నాడు. ఆవిడ హడలిపోయింది. "నోరు ముయ్యి! మీ నాన్న బతకడు. కాసేపు అలా తిరిగి రా, బుర్ర చల్లబడుతుంది" అని తనే బండి తాళం చేతిలో పెట్టి పంపింది. ఈ సంగతి భర్తకు చెప్పలేదు, పాస్టరుకు చెప్పలేదు. ప్రార్థనలో కూడా సగం సగమే చెప్పుకుంది.

వంటింట్లోకి వెళ్లేసరికి కూతురు టన్నెకే అప్పుడే లేచి కాఫీ పెడుతోంది. నిన్న రాత్రే లైడెన్ యూనివర్సిటీ నుంచి వచ్చింది. అన్న పోయినప్పుడు పదకొండేళ్ల పిల్ల, ఇప్పుడు అన్నకున్నంత వయసు వచ్చింది. బైబిల్లో కొత్త నిబంధన పుస్తకాలు ఎవరు రాశారు, ఎప్పుడు రాశారు, అప్పటి రోమా రాజ్యంలో జనం ఎలా బతికేవారు, ఇవి నేర్పే చదువులో మొదటి ఏడాది. ఊరి బడిలో వాక్యం చెప్పే టీచరమ్మ అవుతుందన్న ఆశతో మారినస్ అయిష్టంగానే ఒప్పుకున్నాడు.

"ఏమిటే, ఆ రొట్టె వంక అలా చూస్తావు? తిను. నీకోసమే పొద్దున్నే బేకరీకి పరుగెత్తాను" అంది యాకోమీనా, దాల్చినచెక్క చుట్టల రొట్టె కూతురి ముందుకు తోస్తూ.

"తింటున్నానమ్మా. లైడెన్‌లో ఇది చెయ్యడం వాళ్ల తాతలకు కూడా రాదు."

"తాతల సంగతి అలా ఉంచు, ప్రొఫెసర్లకేం వచ్చో చెప్పు" అన్నాడు మారినస్. ఆపరేషన్ చేసి శుక్లం పొర తీసి నాలుగు రోజులైన కుడి కంటికి కట్టు ఉంది. ఎడమ కన్ను ఒక్కటే పిల్లని చూస్తోంది. "మీ ప్రొఫెసరుగారు దేవుణ్ణి క్లాసులో ఉండనిస్తున్నాడా, బయటికి గెంటేశాడా?"

"గెంటలేదు నాన్నా. వెనక బెంచీలో కూర్చోబెట్టాడు."

మారినస్ పెదవి కొంచెం వంకర తిరిగింది. ఆ ఇంట్లో దాన్నే నవ్వు అంటారు. యాకోమీనాకు ప్రాణం లేచి వచ్చింది. ఈ పొద్దు కూడా ఎలాగో గడిచిపోతుందిలే అనుకుంది.

తిండి అయింది. మారినస్ నల్ల అట్ట బైబిలు తీశాడు. కంటికి కట్టు కట్టినప్పటి నుంచి చదివి వినిపించడం యాకోమీనా వంతు. ఈ అధ్యాయం తన నోటితో ఎలా చదవాలా అని లేచిన దగ్గర్నుంచీ కుమిలింది కూడా. కానీ ఆయన పుస్తకాన్ని కూతురి వైపు జరిపాడు. "ఇవాళ నువ్వు చదువు. మీ అన్న అధ్యాయం."

యాకోమీనా అమ్మయ్య అనుకుంది. మరుక్షణం పిల్ల మొహం చూసి గతుక్కుమంది. టన్నెకే మొహంలో నెత్తురు చుక్క లేదు.

అయినా చదివింది. తెల్లవారుతుండగా ముగ్గురు ఆడవాళ్లు సమాధి దగ్గరికి వెళ్లడం, రాయి తొలగించి ఉండడం, లోపల తెల్లబట్టల యువకుడు కనబడడం. ఆ ఆడవాళ్లు వణికిపోతూ పారిపోయారు, భయం కొద్దీ ఎవరికీ ఏమీ చెప్పలేదు అన్నంతవరకు వచ్చి ఆగింది.

"ఊఁ?" అన్నాడు మారినస్.

"గొంతు పట్టింది నాన్నా."

"నీళ్లు తాగి చదువు."

తాగింది. చదవలేదు. "మిగతాది అమ్మచేత చదివించుకోండి. ఎందుకని నన్ను అడగకండి."

"అడుగుతున్నాను."

ఏదో ఒకటి చెప్పి తప్పించుకోవచ్చు. కానీ తెరిచిన బైబిలు ముందు అబద్ధం ఆడడం ఆ ఇంట్లో ఎవరివల్లా కాదు. టన్నెకే తల దించుకుని చెప్పింది.

"చేత్తో రాసిన పాత ప్రతులున్నాయి కదా నాన్నా. వాటిలో అన్నిటికన్నా పాతవి, పూర్తిగా మిగిలినవి రెండు. ఆ రెంటిలోనూ మార్కు సువార్త ఇక్కడే ఆగిపోతుంది, ఆడవాళ్లు భయపడి పారిపోవడంతో. ఇక్కణ్ణుంచి పన్నెండు వచనాలు వాటిలో లేవు. రాసిన తీరు కూడా వేరు. వెనక ఇంకెవరో చేర్చారని చాలామంది పండితులు అంటారు."

మారినస్ ఒంటి కన్ను మెల్లగా పేజీ మీదికి దిగింది. ఆ కంటికీ పొరే, అక్షరాలు ఆనవు. అయినా ఏ మాట ఎక్కడుందో తెలుసు.

"ఆ పన్నెండులోనే కదా..."

"అవును నాన్నా. అన్న రాయి మీది మాట." టన్నెకే పుస్తకం మీది నుంచి చెయ్యి తీసేసింది. "క్లాసులో తెర మీద ఆ ప్రతి ఫొటో చూపించారు. ఇక్కడితో అయిపోయి కింద ఖాళీ. నేను లేచి బయటికి పోయి ఏడ్చాను. మీకు చెప్పకూడదనే వచ్చాను, ఒట్టు!"

"ఏడ్చావా? ఏడ్చి మళ్లీ వెళ్లి అదే బెంచీలో కూర్చున్నావు!" బల్ల మీద చెయ్యి పడ్డ చప్పుడుకి కప్పులు ఎగిరాయి. "దేవుడు నా కొడుకు గురించి నాకిచ్చిన మాట అది. ఆ ఒక్క మాట పట్టుకుని బతికాను ఎనిమిదేళ్లు. నువ్వు సుత్తి తీసుకొచ్చి ఆ రాయి పగలగొట్టావు."

"నన్నేం చెయ్యమంటారు? అబద్ధం చెప్పనా? చెప్పకూడదని నేర్పింది మీరే కదా!"

"ఎదురు చెప్పకు! లే ఇక్కణ్ణుంచి. సోమవారం మళ్లీ ఆ క్లాసుకు పోయావంటే ఈ బల్ల దగ్గరికి ఇంకెప్పుడూ రాకు."

టన్నెకే లేచింది. మేడ మీదికి వెళ్లింది. బీరువా తలుపు చప్పుడు, సంచీ జిప్పు చప్పుడు కిందికి వినబడుతూనే ఉన్నాయి. మారినస్ కదల్లేదు. యాకోమీనా గిన్నెలు కడగడం మొదలుపెట్టి, కడిగిన గిన్నెనే మళ్లీ మళ్లీ కడుగుతోంది. నోరు విప్పితే భర్త దగ్గర మిగిలిన ఆ కాస్త ఊరటా పోతుంది. విప్పకపోతే ఈ పిల్లా పోతుంది. చెప్పు, చెప్పు అని లోపల తనను తాను పొడుచుకుంటోంది, నాలుక కదలడం లేదు.

టన్నెకే దిగి వచ్చి కోటు వేసుకుంది. "వెళ్తున్నానమ్మా" అని తలుపు గడియ మీద చెయ్యి వేసింది.

యాకోమీనా తడి చేతులతోనే పరుగెత్తి కోటు పట్టుకుంది. "ఆగు!"

"వదులమ్మా, బస్సు పోతుంది."

"పోనీ. ఒకణ్ణి ఈ తలుపులోంచి ఇలాగే పంపాను. నిన్ను పంపను, నన్ను చంపినా పంపను." భర్త వైపు తిరిగింది. "ఏవండీ, వినండి. క్రైన్ ఆ రోజు తనంతట తాను షికారుకు పోలేదు. నేను పంపితే పోయాడు. వాడికి నమ్మకం పోయింది. మీతో చెప్తానన్నాడు. నేనే నోరు మూయించి బయటికి పంపాను."

మారినస్ లేవబోయి మళ్లీ కూర్చున్నాడు.

"ఎనిమిదేళ్లు" అన్నాడు చివరికి. "ప్రతి ఆదివారం ఆ రాయి ముందు నేను దేవుడికి వందనాలు చెప్తుంటే నా పక్కనే నిలబడ్డావు. ఎలా నిలబడ్డావు మీనా?"

"మీరు మొదటి సగం చదువుకున్నారు. నేను రెండోది చదువుకున్నాను. అలా నిలబడ్డాను."

"నాతో ఒక్క మాట ఎందుకు చెప్పలేదు?"

"ఇప్పుడే అమ్మాయి చెప్పింది కదండీ ఒక మాట. మీరేం చేశారు?"

మారినస్ చూపు కూతురి భుజానున్న సంచీ మీద పడి అక్కడే ఉండిపోయింది.

యాకోమీనా పిల్ల రెండు చేతులూ పట్టుకుంది. "నువ్వు చదువుకున్నదానివి, నువ్వు చెప్పు. ఆ పన్నెండూ తర్వాత చేర్చినవైతే ఆ రెండో సగం కూడా లేనట్టే కదా? శిక్ష మాట కూడా లేనట్టే కదా? నా బిడ్డ..."

ఔనమ్మా అనేస్తే ఆ తల్లి ఆ క్షణాన ఒడ్డున పడేది. టన్నెకే నోటిదాకా వచ్చింది కూడా. "అమ్మా" అంది ఏడుస్తూ, "ఏ మాట ఎప్పుడు, ఎవరు రాశారో, అంతవరకే మాకు నేర్పుతారు. అన్న ఎక్కడున్నాడో నేర్పరు. నాకు తెలిసి ఉంటే పరుగెత్తుకుంటూ వచ్చి నీకు చెప్పి ఉండేదాన్ని కాదూ?"

యాకోమీనా గుమ్మం దగ్గర చెప్పుల పక్కనే కూలబడింది. కొడుకు శవం ముందు కూడా అంతగా ఏడవలేదు. అప్పుడు భయం అడ్డొచ్చింది. సమాధి దగ్గరి ఆ ఆడవాళ్లు ఎవరికీ ఎందుకు చెప్పలేదో ఆవిడకు ఏ పండితుడూ వివరించనక్కర్లేదు. ఇప్పుడు దాచుకోవడానికేమీ మిగల్లేదు గనక ఇల్లంతా వినబడేలా ఏడ్చింది.

మారినస్ వచ్చి పక్కన నేల మీద కూర్చున్నాడు. కట్టు కింది నుంచి కూడా నీళ్లు కారుతున్నాయి.

"ఏడవకండి, డాక్టరు వద్దన్నాడు" అంది ఆవిడ, అలవాటు కొద్దీ.

"క్రైన్ ఇంకేమన్నాడు?"

"ఎందుకు లెండి ఇప్పుడు."

"చెప్పు మీనా. వాడి చివరి మాటలు నీ ఒక్కదాని దగ్గరే ఉన్నాయి."

"నాన్న కోప్పడితే కోప్పడనీ అమ్మా అన్నాడు. రోజూ ఆయన పక్కన కూర్చుని నమ్మినట్టు నటిస్తున్నాను, అది ఆయన్ని మోసం చెయ్యడమే కదా అన్నాడు. ఆయనకి అబద్ధం అంటే అసహ్యం అన్నాడు."

మారినస్ గోడకు తల ఆనించాడు. "చెప్పి ఉంటే..." అని ఆగిపోయాడు. భార్య వైపు చూశాడు, కూతురి వైపు చూశాడు. "వినేవాణ్ణి కాదు" అన్నాడు తనే. "వాడిని కూడా ఈ బల్ల దగ్గరికి రావద్దనేవాణ్ణి."

కాసేపటికి ఆయన చెయ్యి చాపి కూతురి భుజం మీది సంచీ కిందికి లాగాడు.

"సోమవారం క్లాసుకు వెళ్తాను నాన్నా" అంది టన్నెకే.

"వెళ్తావని తెలుసు. మళ్లీ శనివారం వస్తావా?" అన్నాడు మారినస్. ఆ గొంతులో భయం వినడం ఆ పిల్లకు అదే మొదటిసారి.

"వస్తాను."

"నేర్చుకున్నది వచ్చి నాకు చెప్పు. నాకు నచ్చదు. అరుస్తాను కూడా. అయినా చెప్పు. చెప్పకుండా మాత్రం వెళ్లిపోకమ్మా."