తెల్లబిళ్ళ

ధిక్కార న్యాయస్థానం మెట్ల దగ్గర టీ కొట్టువాడు మనుషుల మొహాలు చూడడం ఎప్పుడో మానేశాడు. కణతలే చూస్తాడు. "డబ్బులు రేపు ఇస్తాను" అన్నవాడి కణతబిళ్ళ తెల్లగా వెలిగితే గ్లాసు చేతికిస్తాడు, ఎర్రబడితే పొమ్మంటాడు. ఊళ్ళో ప్రతివాళ్ళ కణతకీ ఉండే ఆ బిళ్ళ, పైకి చెప్పే మాటకీ లోపలి ఉద్దేశానికీ తేడా వస్తే ఎర్రబడుతుంది. పెళ్ళిచూపుల నుంచి ఇంటి అద్దె దాకా ఇప్పుడు విశాఖలో అన్నీ దాని మీదే నడుస్తున్నాయి.

నూకరత్నం టీ తాగకుండానే లోపలికి వెళ్ళింది. సముద్రం వీధుల్లోకి వచ్చి తిష్ఠ వేశాక ఊళ్ళో బస్సుల బదులు పడవలు తిరుగుతున్నాయి. ఆమె చేసేది ఆ పడవలే. పడవ నడిపే పోలినాయుడు రెండు చేయించుకుని సగం డబ్బు ఇవ్వలేదు. కేసు వేస్తే, ఏడాదిలోగా ఇచ్చేస్తానని కోర్టుకు హామీ రాసిచ్చాడు. ఆ హామీనీ గాలికొదిలేశాడు. ఇటు కలప బాకీ కింద నెలాఖరుకి ఆమె షెడ్డు వేలానికి వెళ్తుంది. అది పోతే ఉలి పట్టుకుని ఏ నీడన కూర్చోవాలో ఆమెకి తెలియదు.

ఇన్నాళ్ళూ ఆ షెడ్డు నిలబడిందంటే పోలినాయుడి సిగ్గు వల్లే. ఆమె కనిపిస్తే మొహం చాటేసేవాడు. రేవులో తప్పించుకోలేక ఎదురుపడితే, మొహం చెల్లక మర్నాడు ఎంతో కొంత పంపేవాడు.

"హామీ ప్రకారం డబ్బివ్వాలనే ఉద్దేశం ఉందా?" న్యాయమూర్తి పోలినాయుణ్ణి నీరసంగా అడిగాడు. పొద్దుట్నుంచీ అందరినీ అదే అడుగుతున్నాడు.

"ఉంది బాబూ. నెలనెలా ఇచ్చెద్దారనే అనుకుంటాను. ఏదో ఖర్చు అడ్డం పడిపోతంది."

బిళ్ళ తెల్లగా వెలిగింది. అదీ అసలు దౌర్భాగ్యం. అతనికి నిజంగానే ఇవ్వాలని ఉంది. ఎప్పటికీ ఇవ్వడు, అంతే.

"కావాలని ఆజ్ఞ మీరితేనే ధిక్కారం అమ్మా. ఇతని ఉద్దేశంలో దోషం లేదు. బాకీ వసూలుకి ఈ కోర్టు దారి కాదు. డిక్రీ అమలుకి వేరే పిటిషన్ ఉంటుంది."

"చెప్పులరిగేలా ఆ దారిలో తిరిగే ఇక్కడికొచ్చాను బాబూ. పడవలు పెళ్ళాం పేరున ఉన్నాయి. ఈయన పేరున జప్తుకి ఏటీ లేదన్నారు."

న్యాయమూర్తి కళ్ళద్దాలు తీసి కళ్ళు నులుముకున్నాడు. "తెలుసమ్మా. బిళ్ళ తెల్లబడ్డాక నా చేతిలో ఏమీ ఉండదు."

పిటిషన్ కొట్టేశారు.

రేవుకి వచ్చి నిలబడింది నూకరత్నం. ఎండ మాడ్చేస్తోంది. వచ్చిన పడవ పోలినాయుడిదే. తను చిత్రిక పట్టిన అంచు దూరం నుంచే గుర్తుపట్టింది. ఎప్పటిలా తల తిప్పేసుకుంటాడనుకుంది. రేపు ఎంతో కొంత పంపుతాడని, ఆ కోర్టు మెట్ల మీద కూడా ఒక మూల ఆశ ఉండిపోయింది.

అతను తల తిప్పుకోలేదు. చెయ్యి ఊపాడు.

"ఏటక్కా, ఎండలో నిలబడిపోనావు? రా, దిగబెట్టెస్తాను. నీ దగ్గిర టికెట్టేటి?"

ఆమె ఎక్కి కూర్చుంది. పోలినాయుడు నవ్వుతూ తెడ్డు వేశాడు. అన్నేళ్ళుగా వంగిన మెడ ఒక్క పూటలో నిటారైంది. తప్పు లేదని కోర్టే తేల్చాక ఇంక సిగ్గెందుకు? రేపటి నుంచి ఆ ఎంతో కొంతా రాదు. నూకరత్నం అతని వైపు తిరిగింది.

"డబ్బు..." అంది.

"ఇచ్చెస్తానక్కా. కోర్టే నమ్మింది, నువ్వు నమ్మవా? నా మీద కోపం లేదు కదా?"

పడవ నిండా జనం. పోట్లాడే ఓపిక ఆమెకి లేదు.

"లేదులే నాయుడూ," అంది.

ఆమె కణత మీద బిళ్ళ భగ్గున ఎర్రబడింది. పక్కనున్నావిడ తన సంచీని ఒళ్ళోకి లాక్కుని కొంచెం అటు జరిగింది.